తల్లిదివ్వె ఎవరి కోసం వెలుగుతుంది?

మన పత్రికలో వస్తున్న నా సీరియల్ పన్నెండో భాగంలో తల్లిదివ్వె మొదటిసారి నీళ్ల పైకి తేలింది. అప్పటి నుంచి నాకు వచ్చే ఉత్తరాల్లో సగం దాని గురించే. సీరియల్ చదవనివాళ్ల కోసం రెండు ముక్కలు చెబుతాను. తల్లిదివ్వె ఆవలికడలిలో ఉండే ఒక జీవి. ఒంట్లో ఎముకలుండవు. మూడు పడవలంత పొడవు, పరిచిన చాపలా పల్చన. కడుపు వైపు వేల దీపపు చుక్కలు. ఆ లోకానికి ఇద్దరు చంద్రులు. గవ్వదీవి జనం రాత్రిపూట గవ్వల కోసం మునిగినప్పుడు దాని వెలుగులోనే దారి చూసుకుంటారు. ఈ నెల శీర్షిక మొత్తం దానికే ఇచ్చేస్తున్నాను.

ప్రశ్న: అమ్మా, నేను ఇంటర్ చదువుతున్నాను. మీ సీరియల్ చూసి నేనూ ఒక సముద్రజీవిని గీశాను. దాని ఒళ్లంతా ఎప్పుడూ వెలుగుతూనే ఉంటుంది. మా అన్నయ్య చూసి, "అంత చీకట్లో ఇలా వెలిగితే మరుక్షణం ఎవరో ఒకరు మింగేస్తారు" అన్నాడు. మరి తల్లిదివ్వెను ఎవరూ ఎందుకు మింగరు? నా జీవిని ఇప్పుడేం చేయాలి?

జవాబు: మీ అన్నయ్య మంచి మాటే అన్నాడమ్మా. బొమ్మ మాత్రం చింపేయకు.

తల్లిదివ్వె గురించి మొదటి పేజీ రాసినప్పుడు నాదీ ఇదే పరిస్థితి. మా అక్కకు చిన్నతనంలోనే చూపు పోయింది. నేను రాసింది ప్రతిదీ ముందు ఆమెకే చదివి వినిపిస్తాను. ఆ పేజీలో "దేదీప్యమానంగా", "కోటి దీపాల కాంతితో" అని చాలా రాసుకున్నాను. అక్క చివరిదాకా విని, "బాగుంది. ఎవరి కోసం వెలుగుతోంది?" అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు. ఆ ఒక్క ప్రశ్న కోసం నాలుగు నెలలు సముద్రజీవుల గురించి చదివాను. తల్లిదివ్వె నిజంగా పుట్టింది ఆ నాలుగు నెలల్లోనే.

నువ్వూ నీ జీవిని ఆ ప్రశ్నే అడుగు. వెలుగు ఊరికే రాదు, ఒంట్లోని శక్తి ఖర్చవుతుంది. జతను పిలవడానికా, ఎరను రప్పించడానికా, వెంటపడేవాడిని బెదరగొట్టడానికా, ఎందుకు వెలుగుతోందో తేలితే ఎక్కడ వెలగాలో, ఎప్పుడు ఆరాలో దానంతటదే తేలిపోతుంది. అన్నిటికంటే నన్ను ఆశ్చర్యపరిచిన కారణం ఇంకొకటుంది. కొన్ని జీవులు కనపడకుండా ఉండటం కోసం వెలుగుతాయి.

హవాయి దీవుల దగ్గర స్క్విడ్ అనే మెత్తటి ఒంటి సముద్రజీవుల్లో బొటనవేలంతది ఒకటుంది, బాబ్‌టెయిల్ స్క్విడ్ అంటారు. పగలంతా ఇసుకలో దాక్కుని రాత్రి వేటకు వస్తుంది. వెన్నెల పైనుంచి పడుతుంటే, కింద పొంచి ఉన్న చేపకు ఈ స్క్విడ్ నల్లటి నీడలా కనపడాలి. కానీ దాని కడుపు కింద ఒక చిన్న సంచి ఉంది, అందులో వెలిగే బ్యాక్టీరియా కాపురం ఉంటుంది. పైనుంచి ఎంత వెన్నెల వస్తుందో చూసుకుని కడుపు కింద నుంచి అంతే వెలుగు వదులుతుంది. కింద నుంచి చూసేవాడికి ఇక నీడే ఉండదు. తెల్లవారగానే ఆ బ్యాక్టీరియాలో నూటికి 95 వంతులు బయటికి చిమ్మేస్తుంది. మిగిలినవి పగలంతా పెరిగి రాత్రికి మళ్లీ సంచి నింపుతాయి. ఈ ఒప్పందం గురించి చదివిన రోజు నాకు నిద్ర పట్టలేదు. ఆ బ్యాక్టీరియా కూడా ఒంటరిగా ఉంటే వెలగవు, తగినంత మంది పోగయ్యారని ఒకదానికొకటి రసాయనాలతో కబురు పంపుకున్నాకే వెలుగుతాయి.

తల్లిదివ్వె చుక్కలన్నీ కడుపు వైపే ఉండటానికి కారణం ఇదే. పైనుంచి చూస్తే అది నల్లటి నీరు, కింద నుంచి చూస్తే వెన్నెల. గవ్వలు ఏరేవాళ్లు దాని కిందికి మునుగుతారు కాబట్టి వాళ్లకు అది దీపం. అది వాళ్ల కోసం వెలగడం లేదు, దాక్కుంటోంది. దీవి జనం మాత్రం తమ మీద దయతో వెలుగుతోందనుకుని తల్లి అని పేరు పెట్టుకున్నారు. కథంతా ఆ పొరపాటు మీదే నిలబడి ఉంది.

నీ జీవి ఒళ్లంతా వెలగాలనే నీకు ఉంటే అలాగే ఉంచు. మీ అన్నయ్యకు జవాబుగా దాని పక్కన ఇంకో జీవిని గీయి, దీని వెలుగు చూస్తే అది ఎందుకు పారిపోతుందో నువ్వే ఆలోచించు. నిజం లోకంలోనూ విషపు పురుగులు కొన్ని అలాగే మెరిసి హెచ్చరిస్తాయి.

ప్రశ్న: తొమ్మిదో భాగంలో మునిగేవాళ్లు అడుగు నుంచి చూస్తే చిన్న చంద్రుడి ఎర్ర వెన్నెల కనపడిందని రాశారు. అంత లోతుకు ఎరుపు చేరుతుందా? నేను ఫిజిక్స్ టీచర్ని, వదల్లేక అడుగుతున్నాను.

జవాబు: చేరదు మాస్టారూ. అది నా తప్పే. పుస్తకంగా వేసేటప్పుడు ఆ వాక్యం మారుస్తాను.

మిగతా పాఠకుల కోసం చెబుతున్నాను. నీరు ఎరుపు రంగును ముందుగా మింగేస్తుంది. పది మీటర్లు దిగేసరికి ఎరుపు దాదాపు పోతుంది. తేట సముద్రంలో ఎక్కువ దూరం వెళ్లేది నీలం. అందుకే సముద్రంలో వెలిగే జీవుల్లో ఎక్కువ భాగం 470, 480 నానోమీటర్ల తరంగదైర్ఘ్యం దగ్గరి నీలి వెలుగునే ఇస్తాయి, వాటిని చూసే కళ్లు కూడా ఆ నీలానికే అలవాటుపడ్డాయి. అడుగున ఎర్రగా ఉన్న రొయ్య నల్లగా ఉన్నట్టే లెక్క, దాని మీద పడి తిరిగి రావడానికి ఎర్ర కాంతే ఉండదు.

అయితే నా చేతికి ఒక ఊతం దొరికింది. మలకోస్టియస్ అనే లోతు చేప కంటి కింద ఎర్ర దీపం ఉంటుంది. చుట్టూ ఉన్నవాటికి ఆ ఎరుపు కనపడదు, దీనికి మాత్రమే కనపడుతుంది. ఎదుటివాడికి తెలియకుండా వాడి మీద టార్చి వేసినట్టు. ఎరుపును చూడటానికి దాని కంట్లో పత్రహరితం నుంచి వచ్చిన ఒక పదార్థం సాయపడుతుంది, అది తిండి ద్వారానే దానికి చేరుతుంది. ఆకుల్లో ఉండే పత్రహరితం సూర్యుడంటే తెలియని చేప కంటికి చూపు ఇస్తోంది!

మీ ఉత్తరం చదివాక కొత్తగా ఒకటి తట్టింది. తల్లిదివ్వె లోతులో ఉన్నంతసేపు ఇద్దరు చంద్రుల వెన్నెలా నీలంగానే దిగుతుంది, దాని కడుపు నీలంగా వెలిగితే చాలు. పైకి, మూడు నాలుగు మీటర్ల నీళ్లలోకి వస్తే చిన్న చంద్రుడి ఎరుపు ఇంకా మిగిలే ఉంటుంది. అక్కడ నీలి కడుపు పట్టించేస్తుంది. పెద్ద చంద్రుడు లేని రాత్రులే దానికి ప్రమాదం. వేటగాళ్లు ఆ రాత్రుల కోసమే కాచుకుని ఉంటారు. పదహారో భాగానికి ముడి మీరే ఇచ్చారు.

ప్రశ్న: బడబాగ్ని అని చిన్నప్పుడు విన్నాం, సముద్రంలో ఆరకుండా మండే నిప్పు. తల్లిదివ్వె అదేనా? దాన్ని తాకితే కాలుతుందా?

జవాబు: ఆ మాట నాకూ చాలా ఇష్టమండీ. నీళ్ల నడుమ నిప్పు అనే ఊహ ఎవరికి వచ్చిందో గానీ, రాత్రి కడలిలో అల విరిగినచోట నీలి మెరుపు చూసినవాళ్లకు అది వింతగా తోచదు. తల్లిదివ్వె మాత్రం బడబాగ్ని కాదు. దాన్ని తాకితే చెయ్యి చల్లగానే ఉంటుంది.

జీవుల వెలుగులో వేడి లేదనే చెప్పాలి. లూసిఫెరిన్ అనే పదార్థం ప్రాణవాయువుతో కలుస్తుంది, లూసిఫెరేజ్ అనే ఎంజైము ఆ కలయికను నడిపిస్తుంది, అప్పుడు పుట్టిన శక్తి వెలుగుగా బయటికి వస్తుంది. ఈ రెండు పేర్లూ రఫాయెల్ దుబ్వా అనే ఫ్రెంచి శాస్త్రవేత్త 1880లలో పెట్టినవే. ఆయన చేసిన పరీక్ష వంటింటి పనంత తేలిక. వెలిగే జీవి కణజాలాన్ని చన్నీళ్లలో నలిపితే ఆ రసం కాసేపు వెలిగి ఆరిపోయింది. వేణ్నీళ్లలో నలిపితే అసలు వెలగలేదు. ఆరిన ఆ రసాన్నీ వెలగని ఈ రసాన్నీ కలిపితే వెలుగు మళ్లీ వచ్చింది! చన్నీటి రసంలో ఇంధనం అయిపోయింది కానీ ఎంజైము మిగిలి ఉంది. వేణ్నీళ్లలో ఎంజైము పాడైంది కానీ ఇంధనం మిగిలి ఉంది.

ఒసాము షిమొమురా కథ కూడా ఇక్కడే చెప్పాలి. 1961 వేసవిలో అమెరికాలోని ఫ్రైడే హార్బర్‌లో ఆయన వేల జెల్లీఫిష్‌లను పట్టి, వాటి అంచులు కత్తిరించి, పిండి, ఆ వెలుగు ఎక్కడి నుంచి వస్తుందో వెతుకుతున్నాడు. ఎంతకీ అంతు చిక్కలేదు. ఒకరోజు పనికిరాదనుకున్న రసం తొట్టిలో పారబోశాడు. తొట్టి ఒక్కసారిగా నీలంగా భగ్గుమంది. అందులోకి సముద్రపు నీరు వచ్చి పడుతోంది, ఆ నీటిలోని కాల్షియమే రసాన్ని వెలిగించింది. ఆ పనిలోనే ఆ నీలాన్ని ఆకుపచ్చగా మార్చే ఇంకో ప్రొటీన్ కూడా బయటపడింది. కణాల లోపల ఏం జరుగుతుందో చూడటానికి ఇప్పుడు ప్రయోగశాలల్లో దాన్నే దీపంలా వాడుకుంటారు. 2008లో ఆయనకు మరో ఇద్దరితో కలిపి రసాయనశాస్త్రంలో నోబెల్ వచ్చింది. పదమూడో భాగంలో దీవి ముసలామె చట్టిలో ఎండిపోయిన తల్లిదివ్వె పొరను కడలి నీటిలో వేయగానే గది వెలిగిపోయే సన్నివేశం ఆ తొట్టికి నా నమస్కారం.

ప్రశ్న: దానికి పళ్లు లేవు, ముళ్లు లేవు. వేటగాళ్ల నుంచి ఎలా కాపాడుకుంటుంది?

జవాబు: ఒంటి పొర వదిలేసి. లోతుల్లో ఎనిప్నియాస్టిస్ అనే సముద్ర దోసకాయ ఉంది. ఏదైనా మీద పడితే దాని చర్మం వెలుగుతూ ఊడి, పట్టుకున్నవాడికే అంటుకుంటుంది. ఇక దొంగ ఒంటి మీదే దీపం. వాడికంటే పెద్దవాడు వాడిని వెతుక్కుంటూ వస్తాడు. ఎర చూపి తప్పించుకునేవీ ఉన్నాయి. ఆకుపచ్చగా వెలిగే చిన్న బుడగల్ని వదిలి పారిపోయే పురుగుల్ని శాస్త్రవేత్తలు 2009లో లోకానికి చూపించారు. వేటగాళ్ల వల తల్లిదివ్వెకు తగిలితే ఏమవుతుందో మీకు ఈపాటికి అర్థమయ్యే ఉంటుంది. ముందే చెప్పేస్తే వచ్చే నెల ఏం చదువుతారు?

ప్రశ్న: మా బాబుకు ఎనిమిదేళ్లు. మీ సీరియల్ నేను చదివి వినిపిస్తుంటాను. తల్లిదివ్వె నిజంగా ఉందని గట్టిగా నమ్ముతున్నాడు. పెద్దయ్యాక సముద్రంలోకి వెళ్లి చూస్తాడట. లేదని చెప్పాలంటే మనసు రావడం లేదు, అబద్ధం ఆడాలన్నా టెన్షన్‌గా ఉంది. ఏం చెప్పమంటారు?

జవాబు: అబద్ధం వద్దమ్మా. తల్లిదివ్వె నేను కల్పించిందే అని చెప్పండి. ఆ వెంటనే ఈ కథ చెప్పండి.

విలియం బీబ్ అనే ఆయన ఉండేవాడు. 1930లలో ఓటిస్ బార్టన్‌తో కలిసి బెర్ముడా దగ్గర ఒక ఉక్కు గోళంలో సముద్రంలోకి దిగాడు. లోపల ఇద్దరు ముడుచుకుని కూర్చోవడానికే చోటు. మందపాటి గాజు కిటికీలు, పైన ఓడకు కట్టిన తాడు, ఒక టెలిఫోను తీగ. 1934 ఆగస్టులో వాళ్లు 923 మీటర్ల లోతుకు చేరారు. అంతవరకు ఏ మనిషీ అంత లోతుకు దిగి బతికున్న జీవుల్ని చూడలేదు. బీబ్ కిటికీలోంచి చూసింది చూసినట్టు ఫోనులో చెబుతుంటే, పైన ఓడలో గ్లోరియా హాలిస్టర్ రాసుకునేది. ఆ మాటల్ని విని ఎల్సే బోస్టెల్మన్ అనే చిత్రకారిణి బొమ్మలు వేసేది. ఆ జీవుల్ని అంత లోతులో ఆమె స్వయంగా చూడలేదు.

ఆ ఆగస్టులోనే బీబ్ ఒక చేపను చూశానన్నాడు. గుండ్రటి ఒళ్లు, పక్కన ఐదు వరుసల దీపాలు. ఒక్కో దీపం లేత పసుపు, దాని చుట్టూ అర్ధచంద్రాకారంలో సన్నటి ఊదారంగు చుక్కలు. ఐదు గీతల నక్షత్రమండల చేప అని పేరు పెట్టాడు. ఆ తర్వాత దాన్ని ఎవరూ చూడలేదు. వలలో పడలేదు, కెమెరాకు చిక్కలేదు. కిటికీ గాజు మీద ఆవిరి పట్టి పొరబడ్డాడని, ఏదో జెల్లీ జీవిని చూసి చేప అనుకున్నాడని అన్నవాళ్లు ఉన్నారు. నేను బీబ్ వైపే. ఆయన అబద్ధం ఆడే మనిషి అని నాకు ఎక్కడా తోచలేదు. ఆ కిటికీ అవతల ఏదో ఉంది, అందంగా వెలిగింది.

అక్కకు ఈ కథ చెప్పినప్పుడు బీబ్ గురించి ఏమీ అనలేదు. "ఆ బొమ్మలు వేసినామె పేరు మళ్లీ చెప్పు" అంది. ఎవరో చెబితే విని రంగులు చూడటం అంటే ఏమిటో ఆమెకు తెలుసు.

మీ బాబుకు ఇంకొక లెక్క కూడా చెప్పండి. కాలిఫోర్నియాలోని మాంటెరే అఖాతంలో 17 ఏళ్లపాటు తీసిన వీడియోల్లో కనపడ్డ మూడున్నర లక్షల జీవుల్ని లెక్కపెట్టి, నీటి నడిమి భాగంలో ఈదే జంతువుల్లో నూటికి 76 వెలిగేవేనని 2017లో తేల్చారు. అంటే అక్కడ వెలగకపోవడమే వింత. తల్లిదివ్వె దొరకదు కానీ వాడు కిటికీ దగ్గర కూర్చుంటే ఏదో ఒకటి తప్పకుండా వెలుగుతుంది. వెళ్లనివ్వండి.

ప్రశ్న: పద్నాలుగో భాగంలో పిల్లవాడు తల్లిదివ్వె కూనను గాజుకూజాలో పెంచుకుంటాడు. కడలి నీరు రోజూ మారుస్తాడు, ప్రేమగా చూసుకుంటాడు. అయినా వెలుగు ఎందుకు తగ్గిపోయింది? చదివి ఏడ్చేశాను. మా అమ్మమ్మ ఇంకా కోపంగా ఉంది.

జవాబు: అమ్మమ్మగారికి నా తరఫున క్షమాపణ చెప్పండి. ఆ సన్నివేశం రాసిన రాత్రి నాకూ బాగా అనిపించలేదు.

వాడు నీరు మార్చాడు, తిండి మార్చలేదు. కూనకు తన వెలుగు తనంతట తయారు చేసుకోవడం రాదు. నిజం సముద్రంలోనూ ఇలాంటివి ఉన్నాయి. మిడ్‌షిప్‌మన్ అనే చేప ఒంటి మీద వరుసగా దీపాలుంటాయి. అమెరికా పడమటి తీరంలో ప్యూజెట్ సౌండ్ అనే చోట ఉండే మిడ్‌షిప్‌మన్ చేపలకు కూడా ఆ దీపాలు ఉన్నాయి, కానీ వెలగవు. అక్కడ వాటికి వెలుగు ఇచ్చే చిన్న గవ్వపురుగులు తిండిలో దొరకవు. వాటిని తినిపిస్తే వెలుగుతాయి! దీపం, ఒత్తి అన్నీ ఉండి నూనె లేనట్టు. గాజుకూజాలో కూనది అదే స్థితి. దానికి కావలసిన పురుగులు దీవి అవతలి చీకటి నీళ్లలో ఉన్నాయి, పిల్లవాడు వేసిందేమో ఒడ్డున దొరికే నాచు.

అది చనిపోలేదు. ఈ మాట మాత్రం అమ్మమ్మగారికి వెంటనే చెప్పండి.

ప్రశ్న: తల్లిదివ్వె చివరికి చచ్చిపోతుందా? చచ్చిపోతే దాని వెలుగు ఏమవుతుంది?

జవాబు: ముసలిది, ఏదో ఒకరోజు పోతుంది. వెలుగు మాత్రం వెంటనే పోదు.

చచ్చిన సముద్రపు చేపలు చీకట్లో నీలంగా వెలగడం మనుషులు ఎప్పటి నుంచో చూశారు. ఆ వెలుగు చేపది కాదు, దాని మీద పెరిగే బ్యాక్టీరియాది. 17వ శతాబ్దంలో బ్యాక్టీరియా సంగతి తెలియని రోజుల్లోనే రాబర్ట్ బాయిల్ వెలిగే చెక్క ముక్కనూ చేపనూ గాజుపాత్రలో పెట్టి, పంపుతో గాలి లాగేసి చూశాడు. వెలుగు మసకబారింది. గాలి వదలగానే చెక్క మళ్లీ వెలిగింది. ఈ వెలుగుకు గాలి కావాలని అలా తెలిసింది.

తల్లిదివ్వె కడుపు కింది చుక్కల్లోనూ అలాంటి చిన్న ప్రాణులే కాపురం ఉన్నాయి. అది పోయాక అవి ఒక్కొక్కటే సంచుల్లోంచి బయటికి వస్తాయి. నీళ్లలో విడివిడిగా ఉన్నంతకాలం వెలగవు, ముందు చెప్పానుగా, గుంపు కూడాలి. ఇంకో కూనకు కడుపు కింద ఖాళీ సంచి దొరికేదాకా చీకట్లోనే తిరుగుతాయి. గాజుకూజాలోని కూన ఎందుకు బతికి ఉండాలో మీకు ఇప్పుడు తెలిసిపోయి ఉంటుంది.

ఆ భాగం ఇంకా పూర్తి కాలేదు. నిన్న రాత్రి మొదటి రెండు పేజీలు అక్కకు చదివాను. విని, "అవి ఇంకా తిరుగుతూనే ఉన్నాయా?" అని అడిగింది. తిరుగుతూనే ఉన్నాయన్నాను.